బరువు తెలిసేలా ఊగాలి

ఈమధ్య ఏ దుకాణం ప్రకటన చూసినా పేరు ఎగిరి వచ్చి, రెండుసార్లు ఊగి నిలబడుతోంది. బంగారు నగల దుకాణమైనా, బోరు మోటార్ల దుకాణమైనా, పిల్లల బట్టల దుకాణమైనా అదే ఊపు, అదే వేగం. ఒకే ప్రీసెట్‌ను, అంటే ముందే తయారుచేసి పెట్టిన కదలికను, అన్నింటికీ అంటించారని చూడగానే తెలిసిపోతుంది. బోరు మోటారును ఇద్దరు పట్టి ఎత్తాలి. ఉంగరం వేలి కొనమీద నిలుస్తుంది. ఆ రెండూ తెరమీద ఒకేలా ఊగితే, చూసేవాళ్ల కన్ను రెండింటినీ కాగితం ముక్కలుగానే లెక్కగడుతుంది.

నేను నల్లగొండలో, ప్రకాశం బజారుకు దగ్గర్లో ఒక గది తీసుకుని మోషన్ గ్రాఫిక్స్, అంటే అక్షరాలకు, బొమ్మలకు కదలిక ఇచ్చే పని, చేస్తుంటాను. పెళ్లి పత్రికల వీడియోలు, దుకాణాల ప్రకటనలు, పండగ శుభాకాంక్షలు, అప్పుడప్పుడు బడుల అడ్మిషన్ల వీడియోలు. ఈ పనిలో నేను గట్టిగా నమ్మే మాట ఒకటుంది. తెరమీద బొమ్మకు బరువుండదు. దాని బరువెంతో చూసేవాళ్లకు చెప్పేది అది కదిలే తీరు, ముఖ్యంగా అది ఆగే తీరు. అందుకే స్ప్రింగ్ కదలికను, అంటే గమ్యం దాటి వెనక్కి ఊగి కుదురుకునే కదలికను, పైపూతగా వేయడం నాకు నచ్చదు. ముందు వస్తువు బరువెంతో, అది దేనితో చేసిందో తేల్చుకోవాలి. ఊపు ఆ తర్వాత సంగతి.

మొదట రెండు రకాల కదలికలను విడదీసి చూడాలి. నేలకేసి కొట్టిన బంతి ఎగరడం వేరు, స్ప్రింగ్‌కు కట్టిన వస్తువు ఊగడం వేరు. ‘బౌన్స్’ అనే ఒక్క పేరు కింద ఈ రెండూ కలగలిసిపోతున్నాయి. బంతి ఎగిరే ఎత్తు తగ్గేకొద్దీ ఒక్కో ఎగురుకు పట్టే సమయం కూడా తగ్గుతుంది. చప్పుళ్లు దగ్గర దగ్గరగా వచ్చి, చివరికి ఒకదానిమీద ఒకటి పడి ఆగిపోతాయి. స్ప్రింగ్ విషయంలో ఊపు చిన్నదవుతుంది కానీ ఒక్కో ఊపుకు పట్టే సమయం మారదు. మొదటి ఊపుకు పది ఫ్రేములు (వీడియోలో ఒక్కో నిలిచిన బొమ్మ ఒక ఫ్రేము) పడితే, కంటికి కనిపించీ కనిపించని చివరి ఊపుకు కూడా పది ఫ్రేములే. చిన్నదయ్యే తీరుకు కూడా లెక్కుంది. ప్రతి ఊపూ అంతకుముందు ఊపులో ఒకే నిష్పత్తి మేరకు మిగులుతుంది.

చేత్తో కీఫ్రేములు, అంటే ఏ ఫ్రేములో ఏ విలువ ఉండాలో చెప్పే గుర్తులు, పెట్టేవాళ్ల ఫైలు తెరిస్తే ఈ తేడా దొరికిపోతుంది. సైజు 110 శాతం దాకా వెళ్లడానికి ఎనిమిది ఫ్రేములు, 95కు దిగడానికి ఐదు, 102కు మూడు, 100కు రెండు. దూరం తగ్గుతోంది కదా అని సమయాన్నీ తగ్గించేస్తారు. అప్పుడు వస్తువు ఊగుతున్నట్టు ఉండదు, కనిపించని నేలకు తగిలి ఎగురుతున్నట్టు ఉంటుంది. కీఫ్రేముల మధ్య దూరం సమానంగా పెట్టి, విలువలను మాత్రం ఒకే నిష్పత్తిలో తగ్గించి చూడండి. ఏ ప్లగిన్ లేకుండానే కదలిక సగం బాగుపడుతుంది.

స్ప్రింగుల సంగతి నాకు కంప్యూటర్ కంటే ముందే తెలుసు. హైదరాబాద్–విజయవాడ హైవే మీద, నార్కట్‌పల్లి దగ్గర, నాన్నకు లారీల కమాన్ కట్టలు, అంటే పట్టీల స్ప్రింగులు, బాగుచేసే షెడ్డుండేది. బడి సెలవుల్లో అక్కడే కూర్చునేదాన్ని. ఖాళీ లారీ గతుకులో పడితే వెనుక భాగం గడగడా కొట్టుకుంటుంది. అదే లారీ సిమెంటు బస్తాల లోడుతో వస్తే ఒక్కసారి కిందికి దిగి, నింపాదిగా పైకి లేచి, మళ్లీ దిగుతుంది. నాన్న తల ఎత్తకుండానే, చప్పుడు విని, ఏ లారీ లోడుతో పోతోందో చెప్పేవారు. కట్ట అదే, రోడ్డు అదే, మారింది బరువొక్కటే. ఊపు ఎంత త్వరగా జరగాలో బరువే నిర్ణయిస్తుంది.

ఇంటర్ ఫిజిక్సులో ఇది సూత్రంగా వచ్చింది. స్ప్రింగ్‌ను ఎంత సాగదీస్తే అది అంత బలంతో వెనక్కి లాగుతుంది. రాబర్ట్ హుక్ 1676లో ఈ నియమాన్ని అక్షరాలు తారుమారు చేసి ఒక చిక్కుముడిగా అచ్చువేయించాడు, 1678లో దాన్ని విప్పి చెప్పాడు. స్ప్రింగ్ గట్టిదనాన్ని బరువుతో భాగించి వర్గమూలం తీస్తే ఊగే వేగం వస్తుంది. అంటే బరువు నాలుగింతలైతే ఊగే వేగం సగానికి పడిపోతుంది. ఇక్కడ వర్గమూలం ఉందని గుర్తుంచుకోవాలి. పెద్ద అక్షరం చిన్న అక్షరానికి రెండింతలుంది కాబట్టి దాని ఊపును రెండింతలు నెమ్మది చేయాలనుకుంటే లెక్క తప్పుతుంది. దాన్ని రెండింతల బరువుగా అనుకుంటే ఒక్కో ఊపుకు పట్టే సమయాన్ని 1.4 రెట్లు చేస్తే చాలు.

ఇక ఊపు ఆగడం. స్ప్రింగ్ తనంతట తాను ఆగదు, దాన్ని ఆపేది రాపిడి. కమాన్ కట్టలో పట్టీలు ఒకదానిమీద ఒకటి రాసుకుంటాయి కాబట్టి కొంత ఊపు అక్కడే చచ్చిపోతుంది. మిగిలింది షాక్ అబ్జార్బర్ మింగుతుంది. దీన్నే సాఫ్ట్‌వేర్లలో డంపింగ్ అంటున్నారు. గట్టిదనం, బరువు, డంపింగ్ అని మూడు అంకెలు కనిపించేసరికి కొత్తవాళ్లు కంగారుపడతారు. మనసులో పెట్టుకోవలసినవి రెండే: సెకనుకు ఎన్నిసార్లు ఊగుతుంది, ఎంత త్వరగా ఆగుతుంది. రెండోదాన్ని కొలిచేది డంపింగ్ నిష్పత్తి. అది 1 అయితే వస్తువు గమ్యం దాటకుండా నేరుగా వచ్చి కూర్చుంటుంది. 0.7 అయితే ప్రయాణించిన దూరంలో 5 శాతం మేర గమ్యం దాటి వెనక్కి వస్తుంది. 0.5 దగ్గర 16 శాతం, 0.3 దగ్గర 37 శాతం, 0.2కు దిగితే సగానికి పైగా దాటుతుంది. 0.5లో రెండో ఊపు మొదటిదానిలో మళ్లీ 16 శాతమే, అంటే మొత్తం దూరంలో 3 శాతం లోపు. కంటికి ఒకే ఊపు కనిపిస్తుంది. 0.3లో మూడు ఊపులు స్పష్టంగా కనిపిస్తాయి. దుకాణం పేరు చదివించాల్సిన చోట 0.3 పెట్టారంటే, చదివే సమయమంతా ఊపే తినేస్తుంది.

స్ప్రింగ్ అంటే ఊగి తీరాలని కూడా లేదు. వెబ్ పేజీలు తయారుచేసేవాళ్లు విరివిగా వాడే రియాక్ట్ స్ప్రింగ్ అనే లైబ్రరీ, అంటే సిద్ధంగా రాసిపెట్టిన కోడ్, ఉంది. దానిలో మామూలుగా వచ్చే విలువలు టెన్షన్ (గట్టిదనం) 170, ఫ్రిక్షన్ (డంపింగ్) 26, బరువు 1. డంపింగ్ నిష్పత్తి లెక్కగడితే దాదాపు 1 వస్తుంది. పేరులోనే స్ప్రింగ్ ఉన్న పరికరం, మనం ఏమీ మార్చకపోతే, ఊగకుండా ఆగుతుందన్నమాట. అయినా ఆ కదలిక మామూలు ఈజింగ్ (మెల్లగా మొదలై మెల్లగా ఆగే కదలిక) కంటే సజీవంగా ఉంటుంది. కారణం వేగం తెగకపోవడం. సగం దారిలో గమ్యం మార్చినా స్ప్రింగ్ అప్పటికున్న వేగంతోనే కొత్త దారి పడుతుంది. ఫోన్లలో ఈ పద్ధతి నాటుకున్నది కూడా అందుకే. ఆపిల్ 2013లో ఐఓఎస్ 7తో, ఆండ్రాయిడ్ 2017లో తన లైబ్రరీలతో స్ప్రింగ్ కదలికలను డెవలపర్ల చేతికిచ్చాయి. వేలు తెరను ఏ వేగంతో వదిలితే బొమ్మ అదే వేగంతో ముందుకు సాగాలి. ముందే కాలం కట్టేసిన కీఫ్రేములతో అది కుదరదు.

మన పని ఎక్కువగా ఆఫ్టర్ ఎఫెక్ట్స్ అనే సాఫ్ట్‌వేర్‌లో. అమెరికాలోని ప్రావిడెన్స్ నగరంలో కోసా అనే చిన్న కంపెనీ 1993లో దీన్ని విడుదల చేసింది, తర్వాత అది అడోబీ చేతికి వచ్చింది. ఎక్స్‌ప్రెషన్లు, అంటే విలువను లెక్కగట్టే చిన్న సూత్రాలు, రాసే సౌకర్యం 2001లో వచ్చిన ఐదో వెర్షన్‌తో మొదలైంది. అందరూ అతికించుకునే ఊపు ఎక్స్‌ప్రెషన్ పుట్టింది ఆ సౌకర్యం నుంచే. ఎక్స్‌ప్రెషన్ల గురించి రాసే డాన్ ఎబర్ట్స్ తన సైట్‌లో దాని వెనుక లెక్కను ఎంతో ఓపికగా వివరించారు. ఈ పనిచేసే ప్రతి ఒక్కరూ చదవదగ్గ వివరణ అది. సారాంశం చెబుతాను. చివరి కీఫ్రేము దగ్గరికి వస్తువు ఏ వేగంతో వచ్చిందో చూస్తుంది. ఆ వేగాన్ని సైన్ తరంగంతో గుణిస్తుంది. కాలం గడిచేకొద్దీ దాన్ని ఒకే నిష్పత్తిలో తగ్గిస్తూ అసలు విలువకు కలుపుతుంది. మనం ఇచ్చేవి మూడు అంకెలు: ఆంప్లిట్యూడ్ (ఊపు ఎంత పెద్దది), ఫ్రీక్వెన్సీ (సెకనుకు ఎన్ని ఊపులు), డికే (ఊపు ఎంత త్వరగా తగ్గుతుంది).

ఈ మూడింటి దగ్గర కాసేపు ఆగాలి, ఎందుకంటే చాలామంది వీటిని ముట్టుకోరు. ఫ్రీక్వెన్సీ 2, డికే 2 అని ఉన్నది ఉన్నట్టు అతికించిన ఫైళ్లు నా దగ్గరికి తరచుగా వస్తుంటాయి. ఫ్రీక్వెన్సీ 2 అంటే సెకనుకు రెండు పూర్తి ఊపులు, అది బాగానే ఉంది. డికే 2 అంటే సెకను గడిచాక కూడా 14 శాతం ఊపు మిగిలే ఉంటుంది. ఒక పక్కకు వెళ్లిన ఊపులో 61 శాతం మళ్లీ రెండో పక్కకు వస్తుంది. పది సెకన్ల ప్రకటనలో పేరు రెండు సెకన్లు వణుకుతూ ఉండిపోతుంది. అదే ఫ్రీక్వెన్సీకి డికేను 6 చేస్తే రెండో పక్కకు వచ్చేది 22 శాతం, 8 చేస్తే 14 శాతం. పేర్లకు, ఫోన్ నంబర్లకు నేను 8 కంటే కిందికి దిగను.

ఆంప్లిట్యూడ్ మన ఇష్టానికి వదిలినట్టు కనిపిస్తుంది కానీ దానికీ సరైన విలువ ఉంది. వస్తువు చివరి కీఫ్రేముకు చేరిన వేగం, ఊపు మొదలయ్యే వేగం ఒకటే కావాలి. కాకపోతే ఆ ఒక్క ఫ్రేము దగ్గర కదలిక చిన్నగా విరిగినట్టు ఉంటుంది. కదలికను గీతగా చూపే గ్రాఫ్ ఎడిటర్‌లో చూస్తే ఆ గీత మూల తిరిగినట్టు కనిపిస్తుంది. రెండు వేగాలూ కలవాలంటే ఫ్రీక్వెన్సీని 6.28తో గుణించి, వచ్చినదానితో 1ని భాగించాలి. ఫ్రీక్వెన్సీ 2కు 0.08, 2.5కు 0.064, 4కు 0.04. నేను ఆంప్లిట్యూడ్‌ను అంకెగా రాయను, ఈ భాగహారాన్నే రాస్తాను. ఫ్రీక్వెన్సీ మారిస్తే అదే సర్దుకుంటుంది. ఊపు ఇంకా పెద్దది కావాలంటే ఆంప్లిట్యూడ్ పెంచకుండా, కీఫ్రేములను దగ్గరికి జరిపి వస్తువును ఇంకాస్త వేగంగా రప్పిస్తాను. పెద్ద ఊపుకు కారణం వేగంగా రావడమే కాబట్టి కంటికి అది సబబుగా అనిపిస్తుంది. ఇంకొక్క మాట: చివరి కీఫ్రేముకు అలవాటుగా ఈజీ ఈజ్ వేస్తే ఊపు మొత్తం మాయమవుతుంది. వేగం సున్నాతో వచ్చిన వస్తువుకు ఊగడానికి మిగిలేది ఏమీ లేదు. ఆ కీఫ్రేమును లీనియర్‌గా, అంటే చివర్లో వేగం తగ్గకుండా, ఉంచాలి.

ఇదంతా సూత్రం రూపంలో ఎందుకు రాయాలంటే, ఆఫ్టర్ ఎఫెక్ట్స్ ఎక్స్‌ప్రెషన్‌కు జ్ఞాపకం ఉండదు. అంతకుముందు ఫ్రేములో వస్తువు ఎక్కడుందో, ఏ వేగంతో ఉందో దానికి గుర్తుండదు. ఏ ఫ్రేమును అడిగినా మొదటి నుంచి లెక్కవేసి చెబుతుంది. స్ప్రింగ్‌ను అడుగడుగునా నడిపించాలంటే ప్రోగ్రామ్ రాసుకోవాలి. నా దగ్గర పని నేర్చుకుంటున్న మిర్యాలగూడ అబ్బాయి ఆ ఉత్సాహంతోనే ఒకటి రాశాడు. డంపింగ్ తీసేసి నడిపితే వస్తువు ఊగి ఊగి, ప్రతిసారీ ఇంకా పెద్దగా ఊగి, తెర దాటి వెళ్లిపోయింది. “అక్కా, సూత్రం సరిగ్గానే ఉంది కదా, బలం ఎక్కడి నుంచి పుట్టుకొస్తోంది?” అని అడిగాడు. చాలా మంచి ప్రశ్న.

అతని ప్రోగ్రామ్‌లో రెండు వరుసలున్నాయి. మొదటిది పాత వేగంతో స్థానాన్ని మారుస్తుంది, రెండోది పాత స్థానాన్నే చూసి వేగాన్ని మారుస్తుంది. రెండూ పాత విలువలతోనే పనిచేయడం వల్ల ప్రతి అడుగులోనూ కాస్త శక్తి అదనంగా చేరుతుంది. సెకనుకు 25 అడుగులే వేస్తున్నప్పుడు ఆ అదనం త్వరగా కొండలా పెరుగుతుంది. మార్పు చిన్నదే. ముందు వేగాన్ని మార్చాలి, ఆ కొత్త వేగంతో స్థానాన్ని మార్చాలి. వరుసల క్రమం మార్చి నడిపితే ఊపు దాని హద్దులోనే ఉండిపోయింది. ఎందుకలా అవుతుందో కాగితం మీద మొత్తం వేసి చూసుకున్నాకే అతను ఆరోజు గది తాళం వేశాడు. గేములు తయారుచేసేవాళ్లకు ఇది పాత సంగతే, మన వైపు మోషన్ గ్రాఫిక్స్ నేర్పేవాళ్లు మాత్రం దీన్ని చెప్పడం నేను వినలేదు.

ఆఫ్టర్ ఎఫెక్ట్స్ కొనే స్తోమత లేని పిల్లలకు నేను బ్లెండర్ అనే సాఫ్ట్‌వేర్ చూపిస్తాను. ఉచితం. దాని గ్రాఫ్ ఎడిటర్‌లో ఎలాస్టిక్, బౌన్స్, బ్యాక్ అని మూడు రకాల కదలికలు సిద్ధంగా ఉంటాయి. ఎలాస్టిక్‌ను స్ప్రింగ్‌కు, బౌన్స్‌ను బంతికి, బ్యాక్‌ను ఒక్కసారే దాటి వచ్చేదానికి వాడుకోవచ్చు. నేర్చుకోవడానికి బాగా పనికొస్తాయి.

ఇప్పుడు నాకు బాగా ఇష్టమైన పని గురించి చెబుతాను. ఒక చీరల దుకాణం కోసం బతుకమ్మ శుభాకాంక్షల వీడియో. దుకాణం పెద్దాయన నాన్నకు స్నేహితుడు, నేను బాబాయి అని పిలుస్తాను. అడిగింది ఒక్కటే దృశ్యం: రెండు చేతులు బతుకమ్మను తెచ్చి వాకిట్లో పెట్టాలి. పూలు ఊగాలి, కింద దుకాణం పేరు రావాలి.

బతుకమ్మను ఒకే బొమ్మగా తీసుకుని దానికి ఊపు ఎక్స్‌ప్రెషన్ వేస్తే నిమిషంలో పని అయిపోతుంది, చూడబుద్ధి కాదు. నిజంగా పేర్చిన బతుకమ్మను పట్టుకున్నవాళ్లకు అది ఎంత బరువుంటుందో తెలుసు. కింద ఇత్తడి తాంబాళం, దానిమీద ఆకులు, వాటిమీద గునుగు, తంగేడు, బంతి, కట్ల వరుసలు, నడుమ కూరిన ఆకులు, పైన గుమ్మడి పువ్వులో పసుపు గౌరమ్మ. పూలు ఒకదాన్నొకటి ఒత్తుకుని ఉంటాయి. తాంబాళం నేలకు తగలగానే అది ఊగదు, ఆగిపోతుంది. ఇత్తడికి, నేలకు మధ్య స్ప్రింగ్ లేదు. అందుకని తాంబాళానికి చివరి కీఫ్రేము తర్వాత ఏమీ పెట్టలేదు. ఆ నిలకడ ఉంటేనే పైనున్న పూల కదలికకు ఆధారం దొరుకుతుంది. మొత్తం కదిలిపోతే ఏదీ కదిలినట్టు అనిపించదు.

వరుసలన్నింటినీ వేరువేరు లేయర్లుగా చేసి కింది నుంచి పైకి అంకెలు వేశాను. పూలదొంతర అంతా ఒకే మెత్తని ఒళ్లు కాబట్టి అన్ని వరుసలకూ ఫ్రీక్వెన్సీ ఒకటే, 2.5. సెకనుకు 25 ఫ్రేముల వీడియోలో ఒక పూర్తి ఊపుకు పది ఫ్రేములు. మారేవి రెండే. పై వరుస తన కింది వరుస కంటే ఒక్క ఫ్రేము ఆలస్యంగా కదులుతుంది, పైకి వెళ్లేకొద్దీ ఊపు కొద్దికొద్దిగా పెరుగుతుంది. ఆలస్యానికి ఎక్స్‌ప్రెషన్‌లో ఒక్క మార్పు చాలు. ఇప్పటి సమయం నుంచి వరుస సంఖ్య అన్ని ఫ్రేములు తీసేసి, అప్పుడు అన్నింటికంటే కింది వరుసకున్న విలువను అడగాలి. నేలకు తగిలిన దెబ్బ తాంబాళం నుంచి బయల్దేరి గుమ్మడి పువ్వు దాకా పాకుతూ వెళ్లడం కనిపిస్తుంది. రెండు ఫ్రేముల ఆలస్యం పెట్టి చూస్తే దొంతర వదులుగా, రాలిపోబోతున్నట్టు ఉంది. ఒక్క ఫ్రేము, అంటే సెకనులో ఇరవై ఐదో వంతు, సరిపోయింది. పూలు ఒరుసుకుంటాయి కాబట్టి డంపింగ్ నిష్పత్తి 0.5. ఒక్కసారి కుంగి, లేచి, కుదురుకుంటాయి.

కుంగినప్పుడు వెడల్పు కూడా మారాలి. బంతి వరుస ఎత్తు 90 శాతానికి తగ్గితే వెడల్పు 111 శాతం కావాలి, అప్పుడే పువ్వు పరిమాణం అంతే ఉన్నట్టు అనిపిస్తుంది. వందను తొంభైతో భాగించడమే, ఇంకేమీ లేదు. ఎత్తు మాత్రమే తగ్గించి వెడల్పును వదిలేస్తే పువ్వు అరిగిపోయి మళ్లీ పెరిగినట్టు ఉంటుంది.

గునుగు కొనలు వేరే కథ. సన్నగా, తేలికగా బయటికి పొడుచుకుని ఉంటాయి. వాటికి సొంత స్ప్రింగ్ ఉండాలి. యాంకర్ పాయింట్‌ను, అంటే బొమ్మ ఏ చోటును పట్టుకుని తిరుగుతుందో ఆ చుక్కను, కాడ మొదట్లో పెట్టి, తిరుగుడులో మూడు డిగ్రీల ఊపు ఇచ్చి, ఫ్రీక్వెన్సీ 5 చేశాను. సెకనుకు 25 ఫ్రేములున్న వీడియోలో అంతకు మించి వెళ్లకూడదని నా అభిప్రాయం. 5 దగ్గర ఒక ఊపుకు ఐదు ఫ్రేములే దొరుకుతాయి. ఇంకా పెంచితే ఊపు కనిపించదు, బొమ్మ దడదడలాడుతుంది. యాంకర్ పాయింట్ అలవాటుగా పువ్వు నడిమధ్యలో ఉండిపోతే కాడ కూడా రెండోవైపు తిరిగి మొత్తం చెడిపోతుంది. ఊగే ప్రతి బొమ్మకూ నేను మొదట చూసేది అదే: ఇది ఎక్కడ పట్టుకుని ఉంది?

బాబాయి చూసి మెచ్చుకున్నారు. “అమ్మా, పైన గౌరమ్మ కూడా కొంచెం ఊగితే కళగా ఉంటుందేమో” అన్నారు. “గౌరమ్మ పసుపు ముద్ద కదా బాబాయీ. ముద్ద ఊగితే మెత్తబడినట్టు కనిపిస్తుంది. గుమ్మడి పువ్వుతోపాటు దిగి, దానితోపాటే లేస్తుంది, అంతే” అన్నాను. అలా ఒకసారి, ఊపు వేసి ఒకసారి చూపించాను. రెండోది చూస్తూనే చెయ్యి అడ్డంగా ఊపి, “మొదటిదే ఉంచమ్మా” అన్నారు. పూజ చేసే రూపాలను నేను ఊపను. పెళ్లి పత్రికల్లో వినాయకుడి బొమ్మను కూడా ఎగిరించి ఊపుతుంటే నాకు మనసొప్పదు. అక్కడ డంపింగ్ నిష్పత్తి 1, ఫ్రీక్వెన్సీ తక్కువ. నెమ్మదిగా వచ్చి నిలుస్తాడు.

ఇక అక్షరాలు. తెలుగు అక్షరానికి ఊగే అవకాశం దాని రూపంలోనే ఉంది. ‘బతుకమ్మ’లో మ కింద ఒత్తు వేలాడుతుంది, ‘నల్లగొండ’లో ల కింద ఇంకోటి. పదాన్ని షేప్ లేయర్‌గా, అంటే గీతల బొమ్మగా, మార్చి, ఒత్తును విడదీసి, అక్షరంతోపాటే కదిలేలా దానికి పేరెంట్ చేసి, రెండు ఫ్రేముల ఆలస్యంతో నాలుగైదు డిగ్రీలు ఊగనివ్వండి. అక్షరం ఆగాక ఒత్తు ఒక్క క్షణం తర్వాత కుదురుకుంటుంది. పదానికి ప్రాణం వస్తుంది, చదవడానికి ఏ అడ్డూ ఉండదు. తలకట్టును మాత్రం కదిలించకూడదు. అది అక్షరంలో భాగం, విడిపోతే అక్షరమే వేరే అక్షరంలా కనిపించే ప్రమాదం ఉంది. మన లిపికి ఇంత అందమైన సదుపాయం ఉండగా, ఆంగ్ల అక్షరాల కోసం తయారైన ప్రీసెట్‌ను తెచ్చి అక్షరాలను ఒకదాని తర్వాత ఒకటి గెంతించడం నాకు నిజంగా బాధగా ఉంటుంది. ఆ ప్రీసెట్ల కింద చాలాసార్లు గుణింతం గుర్తులు అక్షరం నుంచి ఊడి ఎగురుతాయి కూడా.

వేలాడే వస్తువుల దగ్గర ఇప్పటిదాకా చెప్పిన బరువు లెక్క తలకిందులవుతుంది. తోరణానికి కట్టిన గంట, మండపంలో గొలుసు దీపం స్ప్రింగులు కావు, లోలకాలు. వాటి ఊపు సమయాన్ని బరువు మార్చదు, పొడవు మారుస్తుంది. మీటరు గొలుసుకు ఒక పూర్తి ఊపు దాదాపు 2 సెకన్లు, అంటే 50 ఫ్రేములు. పావు మీటరుకు 1 సెకను, 25 ఫ్రేములు. పెళ్లి వీడియోలో పెద్ద గంట, చిన్న గంట పక్కపక్కన వేలాడుతూ ఒకేసారి అటు, ఒకేసారి ఇటు ఊగుతుంటే అవి ఒకే అట్టమీద అతికించిన బొమ్మల్లాగే కనిపిస్తాయి. గొలుసు పొడవులు కొలిచి వేర్వేరు సమయాలు ఇస్తే, అవి కలుస్తూ విడిపోతూ ఊగుతాయి, మండపానికి లోతు వస్తుంది. గంటలోని నాలుకను మర్చిపోవద్దు. అది పొట్టి లోలకం, గంట కంటే త్వరగా ఊగుతుంది.

బాబాయి దుకాణానికే ఇప్పుడు గద్వాల చీర వీడియో చేస్తున్నాను. గద్వాల చీరకు ఒళ్లు నూలుది, అంచూ కొంగూ పట్టువి, వాటిమీద జరీ. ఒకే గుడ్డలో రెండు రకాల బరువులు. మడత విప్పి జారవిడిచినప్పుడు నూలు భాగం గాలికి కాస్త ఆగుతుంది, జరీ అంచు ముందు పడి, కింద తగిలి, ఒళ్లును తనవైపు లాగుతుంది. గుడ్డ సిమ్యులేషన్‌లో, అంటే గుడ్డ పడే తీరును కంప్యూటరే లెక్కగట్టేచోట, మొత్తానికి ఒకే బరువు పెడితే ప్లాస్టిక్ తెరలా పడింది. అంచును, ఒళ్లును వేరువేరు ముక్కలుగా చేసి, రెండు బరువులు ఇచ్చి, కలిసేచోట కుట్టినట్టు స్ప్రింగులతో బిగిస్తున్నాను. కుట్టు స్ప్రింగులు మరీ గట్టిగా ఉంటే ఆ గీత వెంట గుడ్డ ముడుచుకుంటోంది, వదులైతే అంచు విడిపోతున్నట్టుంది. దుకాణం నుంచి అసలు చీర ఒకటి తెచ్చుకుని, గదిలో మళ్లీ మళ్లీ జారవిడిచి ఫోనుతో తీస్తున్నాను. అంచు నేలకు తగిలిన ఫ్రేముకు, ఒళ్లు కుదురుకున్న ఫ్రేముకు మధ్య దూరం కొలిచి, ఆ లెక్కతో డంపింగ్ సరిచేస్తున్నాను. సరైన అంకెలు దొరికాక ఫైలుతో సహా ఇక్కడే పెడతాను. మీలో ఎవరైనా నారాయణపేట చీరతోనో, పుట్టపాక గుడ్డతోనో ఇలాంటి ప్రయత్నం చేసి ఉంటే మీ అంకెలు నాకు రాసి పంపండి.